తోపు కింద తలుపు

"దర్జీ కొట్టు ఇక్కడ కాదు మాసీమా, మూడో గల్లీలో ఉంది" అన్నాడు అప్పలసూరి, చెబుతున్న కథ మధ్యలో ఆపి, బెంగాలీలో.

గుమ్మంలో నిలబడ్డ ముసలామె తల అడ్డంగా ఊపింది. తెల్లచీర, భుజాన శాలువా, చేతిలో మడతలు పడ్డ ప్లాస్టిక్ సంచి. చెప్పిన ముక్కే మళ్ళీ చెప్పింది. అప్పలసూరి కుడిచెవి ఫిరంగి మోతకి ఏనాడో పోయింది. ఎడమది బాగానే ఉంది గానీ, పక్కనున్న నోరు క్షణం ఖాళీగా ఉండదు కాబట్టి దానికి వినే అవకాశం తక్కువ.

"దర్జీని మిలట్రీవోల్లు తీసుకుపోనారంట" అని గదంతా వినబడేలా చాటాడు. "ఇనుకున్నారా? పాతికేళ్ళ కిందట ఈవిడిగారి దర్జీని ఆర్మీ ఎత్తుకుపోనాదంట. మా బట్టలు కుట్టడానికి కాదు బావూ, బోర్డరు కుట్టడానికై ఉంటాది. అప్పుడు చిరిగిపోనాది గదా."

గది ఘొల్లుమంది. గార్డెన్ రీచ్ ఆంధ్ర సంఘం గది అంటే పెద్దదేమీ కాదు. గోడకి ఇటు సంఘం, అటు పార్టీ లోకల్ కమిటీ ఆఫీసు. అటునుంచి మైకు అరువొస్తుంది, ఇటునుంచి పులిహోర వెళుతుంది. ఆదివారం పూట ఓడరేవు డాక్‌లో డ్యూటీ లేని శ్రీకాకుళం వాళ్ళందరూ అక్కడే చేరతారు, అప్పలసూరి మాటలు వినడానికి. తొంభై ఆరు నవంబరు అది. డెబ్బై ఒకటి యుద్ధానికి పాతికేళ్ళు నిండుతున్నాయి కనక అతని గిరాకీ మరీ పెరిగింది. ఫీల్డ్ రెజిమెంటులో పదిహేడేళ్ళు తోపుల దగ్గర పనిచేసి, నాయక్‌గా దిగి, ఇప్పుడు పోర్టు గోడౌన్ గేటు దగ్గర కాపలా కాస్తున్నాడు.

"మాయమ్మ నన్ను కన్నాది, సర్కారు నన్ను గన్నరన్నాది" అని మొదలుపెట్టేవాడు ఎప్పుడూ. "తోపు దగ్గర సేసినోణ్ణి, తోపుడుబండి కాడ కాదు. మీరు తిరపతెల్లి గుండు కొట్టించుకుంతారు, మేం బోర్డరుకెల్లి గుండు కొడతాం. ఇరవయ్యైదు పౌన్లు." కాల్బలానికి జెండా ఉంటుందనీ, గన్నర్లకు మాత్రం తోపే జెండా అనీ, ప్రాణం వదిలినా తోపు వదలరనీ చెప్పేవాడు. ఒకప్పుడు తోపుల్ని ఎడ్లూ ఏనుగులూ లాగేవట, తన కాలానికి ట్రక్కులొచ్చాయట. "మరి ట్రక్కు దిగబడితే? మళ్ళీ ఎద్దులమి మేవే." ముందు వరుసలో ఒక ఆఫీసరు దుర్భిణీతో చూసి వైర్‌లెస్‌లో అంకెలు చెబుతాడు, నాలుగైదు మైళ్ళ వెనక తోపు ఆ అంకెలకి తిరుగుతుంది, గుండు వెళుతుంది, ఎవరి నెత్తిన పడిందో కొట్టినవాడికి తెలియదు. "కనపడనోణ్ణి కొట్టే కొలువురా నాది. నాకేటి తెలీదు. నాను ఐదో నంబరు. గుండు అందిస్తాను, సెవులు మూసుకుంతాను." అది చెప్పి కుడిచెవి చూపించేవాడు, అది మూసుకోవడం మరిచిపోయానన్నట్టు. అక్కడ నవ్వు ఖాయం.

ఈసారి నవ్వు తగ్గేదాకా ముసలామె ఓపిగ్గా ఆగింది. తరవాత సంఘం గది తలుపు మీద రెండుసార్లు తట్టి, రెక్క పట్టుకుని ఊపి చూపించింది.

"దొర్జా. దొర్జా బాబా. దర్జీ కాదు."

"తలుపు" అన్నాడు సంఘం సెక్రటరీ గవరయ్య. "తలుపంటంది బావా."

ఆమె పేరు నిభారాణి. బన్‌గావ్ అవతల సరిహద్దు పక్క ఊరు. కూతురికి ఓడల కార్ఖానా పక్కనే కాపురం, మొన్న పూజలకి వచ్చి ఇక్కడే ఉండిపోయింది. బస్సు కోసం నిలబడితే ఎదురుగా సంఘం బోర్డు కనిపించిందట. దానిమీద జిలేబీల్లాంటి అక్షరాలు. అలాంటి జిలేబీలే తన దగ్గరొక కాగితం మీద పాతికేళ్ళుగా ఉన్నాయి. అవి ఇంగ్లీషు కాదన్నాడు స్కూలు మాస్టారు, హిందీ కాదన్నాడు పోస్టుమాను, సైన్యం రహస్య లిపి అయి ఉంటుంది భద్రంగా దాచుకో అన్నాడు పంచాయతీ మెంబరు. ఆ రహస్యం కాస్తా బస్టాపు ఎదురుగా బోర్డెక్కి కూర్చుంది.

సంచిలోంచి కాగితం తీసింది. కాపీయింగ్ పెన్సిలు రాత, ఊదారంగులో, మడతల దగ్గర కాస్త చెదిరినా చదవడానికి వీలుగానే ఉంది.

గవరయ్య అందుకోబోయి కళ్ళజోడు వెతుక్కున్నాడు. డాక్ క్లర్కు వెంకటేశు కూతురుంది గానీ, ఆ పిల్లకి తెలుగు నాలిక మీద ఉంది, కంటికి లేదు. సంఘానికి చదువంటే కామాక్షమ్మ పంతులమ్మగారే. ఆవిడ కంటి ఆపరేషనుకి ఖరగ్‌పూర్‌లో చెల్లెలి ఇంటికి వెళ్ళి ఉంది.

"మిలట్రీ రాత మిలట్రీవోడే సదవాల" అని గవరయ్య కాగితం తీసి అప్పలసూరి చేతిలో పెట్టాడు.

అప్పలసూరి చూశాడు. రాత అతనిదే.

*

చీటీలో ఉన్నది నాలుగు ముక్కలు.

"తలుపు తీశాం. ఇక వేసుకోవడం నీ వల్ల కాదు. ఇందులో ఏముందో తెలియాలంటే ఆంధ్రా రా, చూద్దాం. ఇట్లు, తోపు దొర."

డెబ్బై ఒకటి నవంబరు. కోసిన వరిమడుల్లో తోపులు దింపారు. పై నేల ఎండినట్టు కనిపించింది గానీ కింద పాయసం. తోపు పేలిన ప్రతిసారీ వెనక్కి తన్నుతుంది, తన్నినప్పుడల్లా జానెడు దిగుతుంది. కింద బల్లలు పరవాలి. అడవి లేదు, కలపడితి లేదు; ఊరుంది, ఊళ్ళో తలుపులున్నాయి. బతిమాలి అడగండి, రసీదివ్వండి, కదిలేముందు తిరిగి బిగించి రండి అన్నాడు కెప్టెన్. ఇంగ్లీషు వచ్చిన హవల్దారు అవతల వీధిలో ఉన్నాడు. నిభారాణి ఇంటికి వచ్చినవాళ్ళు ఇద్దరు, అప్పలసూరి, చిత్తూరు డ్రైవరు కోదండం. ఆ ఇల్లాలు తలుపు తనే ఊడదీయించి ఇచ్చింది, మామగారు పనసచెక్కతో చేయించినదట. ఇచ్చి, చెయ్యి చాపి రసీదు అడిగింది. అప్పలసూరికి ఇరవై నాలుగేళ్ళు, రాయడానికి తెలుగొకటే వచ్చు, దాన్ని చదవగలిగినవాడు చుట్టుపక్కల కోదండం ఒక్కడే. రాసి కోదండానికి చూపించాడు. ఇద్దరూ ట్రక్కు చాటుకి వెళ్ళి నవ్వారు.

ఆ తలుపు పోయింది గానీ తలపు పోలేదు అంటే మాట అందంగా ఉంటుంది. నిజం అది కాదు. తలపు కూడా ఎప్పుడో పోయింది. ఆ చీటీ సంగతి అప్పలసూరికి ఈ పాతికేళ్ళలో ఒక్కసారైనా గుర్తు రాలేదు. కాగితం చేతిలో పడగానే మొదట సిగ్గేసింది అందుకు.

"సదువు బావా" అన్నాడు గవరయ్య.

అప్పలసూరి గొంతు సవరించుకున్నాడు. మాటలతో బతికినవాడికి మాటలు వెతుక్కునే పనేముంది, అవే వచ్చేశాయి, అదీ బెంగాలీలో. "అమ్మా, దేశం కోసం నీ ఇంటి తలుపు ఇచ్చావు. నీ తలుపు మా తోపుకి పీట అయింది. ఈ మేలు మరవం. ఇట్లు, ఫీల్డ్ ఆర్టిలరీ జవాన్లు."

గదిలో అందరూ చప్పట్లు కొట్టారు. నిభారాణి చప్పట్లు కొట్టలేదు.

"తిరిగి తెస్తామని ఉందా?"

"ఏటీ?" అన్నాడు, విన్నా విననట్టు.

"తలుపు తిరిగి తెస్తామని. రాసి ఉందా?"

మొహంలోకే చూస్తోంది. కాదనడానికి నోరు రాలేదు. "ఉంది మాసీమా. తెస్తామనే ఉంది."

ఆమె శాలువా అంచుతో కళ్ళు ఒత్తుకుంది. "నేను ఏడేళ్ళు తలుపు పెట్టించలేదు బాబా. సర్కారు తెస్తానని రాసిచ్చింది, కొత్తది బిగిస్తే వాళ్ళొచ్చినప్పుడు ఏం బాగుంటుంది అని. గోనెలు కుట్టి వేలాడదీశాను. రాత్రిళ్ళు గడపకి అడ్డంగా పడుకునేదాన్ని, మేకలు పోకుండా. మా మరిది ఊరంతా చెప్పి నవ్వేవాడు, వదిన కాగితం కప్పుకుని పడుకుంటోందని. ఎనిమిదో ఏడు వానకి గోడ నానిపోతే అప్పుడు పెట్టించాను. అంటే నేను వెర్రిదాన్ని కాదన్నమాట. రాసే ఉందన్నమాట."

"రాసే ఉంది" అన్నాడు గవరయ్య ఉత్సాహంగా. విజయ దివస్‌కి ముందురోజు ఆదివారం, డిసెంబరు పదిహేను, సాయంత్రం ఐదింటికి సభ పెడదామనీ, ఆవిడకి శాలువా కప్పుదామనీ, చీటీని అందరిముందూ చదివిద్దామనీ అక్కడికక్కడే తేల్చేశాడు. మరిదిని, ఊరివాళ్ళని తీసుకొస్తానంది నిభారాణి. చీటీ అప్పలసూరి దగ్గరే వదిలింది. బాగా చదివినవాడి దగ్గర ఉంటేనే భద్రమట.

*

ఇంట్లో దాలమ్మ ఆ కాగితాన్ని పసుపుకుంకాల పెట్టె పక్కన పెట్టింది. ఆమె బడి మొహం ఎరగదు, చీటీ కంటే మొగుడి మీద నమ్మకం ఎక్కువ. వీధి వీధంతా చెప్పొచ్చింది. "మా ఇంటాయన సదివితే ఆ మాసీమాకి కళ్ళంట నీల్లొచ్చీసినాయి" అని. ప్లాస్టిక్ తొడిగించుకు రమ్మని రోజూ పోరు. ఐదోరోజున అప్పలసూరి ల్యామినేషన్ కొట్టు దాకా వెళ్ళాడు. ఎలకలు కొట్టేశాయని చెప్పొచ్చు, బస్సులో జేబు కత్తిరించారని చెప్పొచ్చు, గంగలో పడేస్తే చెప్పనే అక్కర్లేదు. ఇలాంటివి కొట్టు ముందు నిలబడి ఓ పది కల్పించాడు. కల్పన అతనికి కొరత కాదు. కొట్టువాడు "మిషను వేడి మీద ఉంది దాదా, ఇవ్వండి" అన్నాడు. ఇవ్వలేదు, చించనూ లేదు, జేబులో పెట్టుకుని తిరిగొచ్చాడు.

మర్నాడు కామాక్షమ్మ ఖరగ్‌పూర్ నుంచి వచ్చిందని తెలిసి వెళ్ళాడు. నల్లకళ్ళద్దాలు పెట్టుకుని మంచం మీద కూర్చుని ఉంది. చీటీ ఇచ్చి, దానితోపాటు తను చదివిన అబద్ధాన్ని ఒక తెల్లకాగితం మీద రాసి, అది కూడా ఇచ్చాడు. "సబలో మీరు సదివితే బావుంటాది పంతులమ్మగారు. ఈ తెల్లకాయితం సదివేయండి. అది పెన్సిలుది, మీ కళ్ళకి కష్టం."

ఆవిడ అద్దాలు పైకెత్తి ఊదారంగుదే చదివింది. రెండుసార్లు చదివింది.

"తమాషాగా రాశాడు" అంది.

"కుర్రతనం. ఎవడో గుంట."

"సంఘం గోడపత్రిక పదకొండేళ్ళు దిద్దాను అప్పలసూరీ. 'ల్ల' కింద వొత్తుకి ఇంత తోక పెట్టేవాడు గార్డెన్ రీచ్ మొత్తానికి ఒక్కడే." కాగితాలు రెండూ తిరిగి అతని చేతిలో పెట్టింది. "నన్ను చదవమంటే ఉన్నది చదువుతాను. లేనిది చదవడం నాకు చేతకాదు. ఏం చదవాలో నువ్వే చూసుకో. నేను మధ్యలో లేచి నిలబడను, ఆ భయం పెట్టుకోకు."

ఆ భయం తీసేసి ఆవిడ పెద్ద కష్టమే తెచ్చిపెట్టింది. పట్టుబడతానన్న భయం ఉన్నన్నాళ్ళూ తప్పించుకోవడమే పని. ఇప్పుడు పట్టుకునేవాళ్ళు లేరు. తెల్లకాగితం చదివితే ముసలామె ఊరివాళ్ళముందు తల ఎత్తుకుంటుంది, మరిది నోరు మూస్తాడు, తను శాలువా కప్పిన చేత్తో ఇంటికొచ్చి అన్నం తింటాడు. ఊదాది చదివితే ఆమె ఏడేళ్ళూ వెర్రిదే అయిపోతుంది. అబద్ధమే ఆమెకి మేలేమో అనుకున్నాడు. రెండు రోజులు అలాగే అనుకున్నాడు. అంత మేలైన అబద్ధం తనకి కూడా ఇంత చక్కగా ఎలా సరిపోయిందో, మూడో రోజు అన్నం దగ్గర తట్టింది.

*

సభ ఐదింటికి అంటే శ్రీకాకుళం లెక్కన ఆరున్నరకి. ఐదింటికి వచ్చినవాళ్ళు బెంగాలీలే. నిభారాణి, ఆమె మరిది ఖొగేన్, ఊరినుంచి ఇంకో ఇద్దరు. నిభారాణి సంఘానికి ఖర్జూరం బెల్లం దిమ్మ తెచ్చింది, "చదివిన బాబుకి" అని విడిగా ఇంకో చిన్న దిమ్మ అరిటాకులో చుట్టి తెచ్చింది. మన వాళ్ళు గవరయ్య, వెంకటేశు, కామాక్షమ్మ. డాక్‌లో షిఫ్టు మారాక మిగతావాళ్ళు వస్తారు. దాలమ్మ ఇంటి దగ్గర ఇంకా పులిహోర కలుపుతోంది.

"అందరూ రానీ బావా" అన్నాడు గవరయ్య.

"అందరూ వస్తే నా వల్ల కాదు" అన్నాడు అప్పలసూరి, మైకు పక్కకి జరిపి. జేబులోంచి ఊదాది తీశాడు. తెలుగులో ఉన్నది ఉన్నట్టు చదివాడు. గవరయ్య నోరు తెరిచాడు. తరవాత అప్పలసూరి దాన్ని బెంగాలీలోకి తిప్పాడు.

మాటలతో ఆడుకునేవాడికి ఉండే శిక్షలన్నిట్లోకీ పెద్దది, తన చమత్కారాన్ని తనే విప్పి చెప్పడం. అందులోనూ అది ఎవరి మీద వేశాడో వాళ్ళకే. "మా భాషలో తలుపు తీయడం అంటే తెరవడం కూడా మాసీమా, పీకడం కూడా. తెరిచాం అన్నట్టు రాశాను, పీక్కుపోయాం అని అర్థం. వెయ్యడం నీ వల్ల కాదు అంటే, తలుపే లేదు కదా, ఏం వేస్తావు అని. ఆంధ్రా రా అంటే, రాలేవని. రాలేవు కాబట్టి ఎప్పటికీ తెలియదని."

విప్పనక్కర్లేకపోయింది కూడా. బెంగాలీలోనూ తెరవడానికీ ఊడదీయడానికీ 'ఖోలా' అనే మాట ఒకటే. ఆమెకి మొదటి వాక్యానికే అర్థమైంది. అర్థమైన ఇంకొకడు మరిది ఖొగేన్. అతను ఫక్కున నవ్వాడు. పాతికేళ్ళ తరవాత ఆ చమత్కారానికి పడిన నవ్వు అదొక్కటే. వదిన తల తిప్పి చూడగానే అది కూడా ఆగిపోయింది.

"తెస్తామని లేదా?" అంది నిభారాణి.

"లేదు."

గవరయ్య లేచాడు. "మాసీమా, ఆ రాసినోడెవడో వెదవ. మా అప్పలసూరి మీరు బాధపడతారని మంచిగా సదివినాడు. ఈడి తప్పేటుంది?"

బయటికి దారి చూపించాడు పాపం, ఎంత వెడల్పు దారి. తోపు దొర సంతకంలో పేరు లేదు. కోదండం చిత్తూరులో ఎక్కడున్నాడో, ఉన్నాడో లేడో.

"రాసినోడు నానే బావా" అన్నాడు అప్పలసూరి తెలుగులో. తరవాత ఆమెకేసి తిరిగి బెంగాలీలో. "తలుపు ఊడదీసినప్పుడు కింది మేకు రాలేదు. నువ్వు రోకలి తెచ్చి ఇచ్చావు. నేనే మాసీమా."

ఆమె చాలాసేపు అతని మొహంలో ఇరవై నాలుగేళ్ళ కుర్రాణ్ణి వెతికింది. పొట్ట, మీసం, బట్టతల. దొరికినట్టున్నాడు.

"తలుపు ఏమైంది?"

"మూడు రోజులు తోపు కింద ఉంది. నాలుగోరోజు నిలువునా చీలింది. మేం ముందుకి కదిలాం."

"చెక్కలు?"

"కాల్చి టీ పెట్టుకున్నాం."

"నువ్వూ తాగావా?"

"తాగాను."

"ఆ కాగితం రాసినప్పుడు నవ్వారా?"

"నవ్వాం. ఇద్దరం."

ఆమె తల ఊపింది. ఏడవలేదు, తిట్టలేదు. తిడితే బాగుండునని అప్పలసూరి అక్కడ నిలబడ్డంతసేపూ అనుకున్నాడు. అరిటాకు పొట్లం తీసి తిరిగి సంచిలో పెట్టుకుంది. సంఘం దిమ్మ మాత్రం ఉన్నచోటే ఉంచింది.

అప్పుడే షిఫ్టు దిగి బైరాగి, అతని వెనక నలుగురైదుగురు నవ్వుకుంటూ వచ్చారు. "మొదలెట్టీసినారా? మాసీమా చీటీ సదివీసినారా? ఏటుంది అందులో?"

గవరయ్య వాళ్ళని ఆపబోయాడు. నిభారాణి చెయ్యెత్తింది.

"వీళ్ళకీ చెప్పు బాబా. మా ఊళ్ళో ఏడేళ్ళు ఒక్కొక్కడికీ నేను చెప్పుకున్నాను, తలుపు తెస్తారని."

అప్పలసూరి చెప్పాడు. తీయడం అంటే ఏమిటో, వెయ్యడం అంటే ఏమిటో తెలుగువాళ్ళకి చెప్పనక్కర్లేదు, అందుకే ఇంకా కష్టమైంది. బైరాగి మొహంలో నవ్వు మొదలై, మొహం మధ్యకి వచ్చి, ఎటు పోవాలో తెలియక అక్కడే ఉండిపోయింది. మొన్న చప్పట్లు కొట్టించి ఈ రోజు ఇదేటి అని ఎవరో గొణిగారు. వాళ్ళు కూర్చునేలోపు ఇంకో జట్టు వచ్చింది. నిభారాణి మళ్ళీ అతనికేసి చూసింది. మళ్ళీ చెప్పాడు. మూడోసారి చెప్పేసరికి చమత్కారంలో ఊపిరి పోయింది. నాలుగోసారికి అది పొట్టు ఒలిచిన గింజలా ఉంది. ఒక ఆడమనిషి ఇంటి తలుపు పట్టుకుపోయి, తిరిగి ఇవ్వం అని ఆమెకి తెలియకుండా ఆమెకే రాసిచ్చాను. అంతే. ఐదోసారికి అప్పలసూరి ఆ ఒక్క వాక్యమే చెప్పాడు. పార్టీ ఆఫీసు కుర్రాళ్ళు మైకు సరిగ్గా పనిచేస్తోందా అని తొంగిచూస్తే వాళ్ళకీ చెప్పాడు.

ఆరున్నరకి దాలమ్మ వచ్చింది. కొత్తచీర, నెత్తిన పులిహోర గంగాళం, కొప్పులో పూలు. గంగాళం దించుతూ చుట్టూ చూసింది. గదినిండా జనం, ఎక్కడా నవ్వు లేదు. మాసీమాకి ఇంకా శాలువా కప్పలేదు. మొగుడు కాగితం పట్టుకుని నిలబడే ఉన్నాడు.

"ఏటైనాదయ్యా? సదవనేదా ఇంకా?"

అప్పలసూరి నిభారాణి వైపు చూశాడు. ఈసారి ఆమె తల దించుకుంది. చెప్పమననూ లేదు, వద్దననూ లేదు. కామాక్షమ్మ జరిగి, బెంచీ మీద దాలమ్మకి చోటిచ్చింది.

"కూకో దాలమ్మా" అన్నాడు అప్పలసూరి. "నువ్వు పసుపుకుంకాల కాడ ఎట్టిన కాయితం ఉంది గదా, అది నానే రాసినాను. అందులో నీకు సెప్పినదేటీ నేదు." ఆమె కూర్చోలేదు. అతను మొదటినుంచీ చెప్పాడు, మడులు, బురద, పనసచెక్క, రోకలి, ట్రక్కు చాటు, ఏడేళ్ళ గోనెలు. తెలుగులో ఒక ముక్క, బెంగాలీలో ఒక ముక్క, ఎవరికీ ఏదీ తెలియకుండా మిగలకుండా.